తుప్పుకు నీళ్ళు పోసిన రోజులు

ఇనుము గురించి నాకు పాఠం చెప్పగలిగినవాడు ఈ జిల్లాలో లేడని ముప్పై ఐదేళ్ళకే తీర్మానించుకున్నాను. ఇప్పటికీ ఆ అభిప్రాయం పెద్దగా మారలేదు. అనంతపురం ఊరి చివర నాకొక వెల్డింగ్ షెడ్డు ఉండేది. ముదిగుబ్బ రైతుల ట్రాక్టరు ట్రాలీలు, తాడిపత్రి నుంచి బండలు మోసే లారీలు, శెనక్కాయలు ఒలిచే మిషన్లు, స్కూలు గేట్లు, అన్నీ అక్కడికే వచ్చేవి. పని ఏదైనా నా పద్ధతి ఒకటే. వచ్చిన ఇనుమును ముందు వైరు బ్రష్షుతో తోమాలి. తర్వాత వెల్డింగ్ చేయాలి. చివర తుప్పు పట్టకుండా రెడ్ ఆక్సైడు రంగు రెండు పూతలు పూయాలి. తుప్పున్న ముక్క నా షెడ్డు గడప దాటడానికి వీల్లేదు. యజమాని వద్దు మొర్రో అన్నా వినేవాణ్ణి కాదు. తోమి, పూసి, ఆరబెట్టి మరీ పంపేవాణ్ణి.

"ఆయప్ప దగ్గరికి పోతే ఎట్లయినా ఎర్రగా చేసే పంపుతాడు" అని జనం నవ్వుకునేవారు. నవ్వుకుంటూనే మళ్ళీ నా దగ్గరికే వచ్చేవారు.

ఎమర్జెన్సీ అయిపోయిన నాలుగైదేళ్ళకు, శివరాత్రి దాటి ఎండలు మొదలైన రోజుల్లో, మ్యూజియం ఆఫీసరు స్కూటరు మీద షెడ్డుకు వచ్చాడు. కృష్ణా జిల్లా మనిషి. ఎండకు భయపడి తల మీద తడిగుడ్డ వేసుకుని తిరిగేవాడు. ఆయన మ్యూజియంలో అప్పటిదాకా ఉన్నవల్లా ముక్కులు విరిగిన రాతి విగ్రహాలు, వీరగల్లులు.

"మన ఆవరణలో ఉక్కు శిల్పాల ప్రదర్శన పెడుతున్నామండీ. అన్నీ పెద్ద పెద్దవి, ఆరుబయటే నిలబెడతాం. ఏడింటిలో ఒకటి దారిలో దెబ్బతింది. మీరే చూడాలి" అన్నాడు.

ఉక్కుతో శిల్పాలేమిటో నాకు అర్థం కాలేదు. ఉక్కు అనగానే సరేనన్నాను.

మరుసటి రోజు లారీ వచ్చింది. అందులో మూడు ఉక్కు పలకలున్నాయి. ఒక్కొక్కటి పన్నెండు అడుగుల ఎత్తు, అర అంగుళం మందం, ఒక పక్కకు కొంచెం వంపు. మూడింటినీ ఒకదానికొకటి ఆనించి నిలబెడితే అదే శిల్పమట. దేవుడు కాదు, మనిషి కాదు, ఏనుగో గుర్రమో అంతకన్నా కాదు. అవి నిలబడాల్సిన అడుగు పలక కుదుపులకు పగిలింది. ఒళ్ళంతా తుప్పు. అదీ మామూలు తుప్పు కాదు. వేయించిన చింతగింజ రంగులో, చెయ్యి పెట్టినా అంటనంత గట్టిగా పట్టిన తుప్పు. చూడగానే నాకు చేతులు దురద పెట్టాయి.

లారీ ముందు సీట్లోంచి నలభై ఏళ్ళ ఆడమనిషి దిగింది. శిల్పిగారి భార్య కాబోలు అనుకున్నాను. ఆమే శిల్పి. బెంగుళూరులో ఉండేది. వాళ్ళమ్మది హిందూపురం కాబట్టి తెలుగు మా మాదిరే మాట్లాడేది. ముంజేతుల మీద నిప్పురవ్వలు పడ్డ మచ్చలున్నాయి. నాకూ ఉన్నాయి. ఆ మచ్చలు చూశాకే ఆమె మాట వినాలనిపించింది. అంతటి పెద్దమనిషిని నేను.

"ఇది ఏందమ్మా?" అని అడిగాను.

"ఏం కాదన్నా. మూడు పలకలు ఒకదాన్నొకటి పట్టుకోని నిలబడి ఉండాయి. అంతే."

"అంతేనా?"

"అంత నిలబెట్టేదానికే నాకు రెండేండ్లు పట్టింది" అని నవ్వింది.

తక్కిన ఆరు శిల్పాలు తేవడానికి ఆమె ఆ సాయంత్రమే బెంగుళూరు పోవాలి. నాలుగు రోజుల్లో వస్తానంది. "అడుగు పలక ఒక్కటి గట్టి చేసి పెట్టన్నా. అది చాలు" అని చెప్పి బస్సెక్కింది. ఆ 'చాలు' అన్న మాటను నేను మొహమాటం కింద జమకట్టాను. ఆడమనిషి, ఊరు కాని ఊరు, ఇంకేమీ అడగలేకపోయింది పాపం అనుకున్నాను.

అడుగు పలక పని ఒక్క పూటలో అయిపోయింది. మిగిలిన మూడు రోజులూ నేనూ, నా దగ్గర పనిచేసే ఇద్దరు మనుషులూ ఆ పలకల మీద పడ్డాం. గ్రైండరు పెట్టాం, వైరు బ్రష్షులు అరగదీశాం, ఎమిరీ కాగితంతో రుద్దాం. ఆ తుప్పు వదలదే! వదలనికొద్దీ నాకు పట్టుదల పెరిగింది. చివరికి పలకలు అద్దాల్లా మెరిశాయి. రెండు పూతలు రెడ్ ఆక్సైడు పూశాను. మూడో పూత కూడా వేశాను, ఆమె మర్యాదస్తురాలు కదా అని. నాలుగో రోజు ఎండలో ఆ ఎర్రటి పలకలను చూస్తుంటే నా మీద నాకే గౌరవం కలిగింది.

ఆమె వచ్చింది. షెడ్డు గేటు దగ్గరే ఆగిపోయింది. సంతోషంతో నోట మాట రావడం లేదనుకున్నాను, నిజంగానే అనుకున్నాను. "ఎట్లుండాదమ్మా?" అని ఎదురుపోయి మరీ అడిగాను. ఆమె పలకల దాకా నడిచి వచ్చి, ఒకదాని మీద చెయ్యి పెట్టి, అట్లాగే కింద మట్టిలో కూర్చుంది.

"మంగుళూరు దగ్గర సముద్రం ఒడ్డున మూడు వానాకాలాలు నిలబెట్టినానన్నా వీటిని" అంది. "ప్రతి వానకూ పోయి తిప్పి పెట్టి వస్తాంటి. ఆ రంగు వచ్చేదానికి."

తిట్టి ఉంటే బాగుండేది. తిట్టేవాళ్ళతో ఎట్లా మాట్లాడాలో నాకు తెలుసు. ఏడ్చేవాళ్ళతో తెలియదు. తెలియనప్పుడు నాకు వచ్చేది కోపమే.

"తుప్పు ఇనుముకు రోగమమ్మా. రోగం కుదిర్చినా. దానికి ఏడుస్తారా ఎవరన్నా?" అని కసురుకున్నాను.

అప్పటికే ఆఫీసరు కూడా వచ్చాడు. "ఎరుపు కూడా బాగానే ఉందిగా మేడమ్, ఇలాగే పెట్టేద్దాం" అని సర్దిచెప్పబోయాడు. ఆమె లేచి చీరకు అంటిన మట్టి దులుపుకుంది. "నా పేరు మీద ఇది నిలబడదు సార్. దీన్ని తీసేయండి" అంది. ప్రదర్శనకు ఇంకా తొమ్మిది రోజులే ఉంది. దాన్ని ప్రారంభించడానికి మద్రాసు నుంచి ఒక పెద్ద మ్యూజియం డైరెక్టరు వస్తున్నాడు. అంత దూరం నుంచి ఆయన రావడానికి ఒప్పుకున్నది ఈ ఒక్క శిల్పం ఫోటో చూసి. నచ్చితే తన మ్యూజియానికి తీసుకుంటానని కూడా రాశాడట. ఇరవై ఏళ్ళుగా ఉక్కుతో కుస్తీ పడుతున్న ఆమెకు అది మొదటి అవకాశం. ఇవన్నీ ఆఫీసరు నన్ను పక్కకు పిలిచి చెప్పాడు. "ఈ సంగతి షెడ్డు దాటకూడదు" అని కూడా అన్నాడు. నేనూ తలూపాను. చేతికిచ్చిన ఇనుమును చెడగొట్టాడన్న పేరొస్తే ఇంకెవడు నా గడప తొక్కుతాడు?

ఇంటికి పోయి మా ఆవిడ దగ్గర వీరంగం వేశాను. తుప్పు కోసం ఏడ్చే మనిషిని ఎక్కడైనా చూశావా అన్నాను. మా ఆవిడది ధర్మవరం. పట్టుకు రంగులద్దే ఇంట్లో పుట్టింది. బియ్యంలో రాళ్ళు ఏరుతూ నేను చెప్పిందంతా విన్నది.

"మా నాయన అద్దిన పట్టును ఎవడన్నా తీసుకపోయి, సబ్బు పెట్టి తెల్లగా ఉతికి తెచ్చి, 'మాసిపోయుండె, శుభ్రం చేసినా' అంటే మా నాయన ఏం చేస్తాడు?" అంది.

"కొడతాడు."

"ఆయమ్మ కొట్టలేదు కదా. నీ అదృష్టం" అని చేట దులిపింది.

నాకు అన్నం సహించలేదు. మా మామ రంగులద్దడం నేను చూశాను. రంగు బాన దగ్గర గంటల తరబడి నిలబడి, పట్టును ముంచి, తీసి, ఎండలో పెట్టి చూసి, మళ్ళీ ముంచేవాడు. అట్లాంటి మనిషి పనినే నేను సబ్బు పెట్టి ఉతికానని తెలిశాక సిగ్గేసింది. సిగ్గుపడటం నాకు అలవాటు లేని పని, అందుకని బాగా కష్టంగా ఉండింది.

తెల్లవారి ఆమె బస చేసిన చోటికి పోయాను. "అమ్మా, తుప్పు నేనే పట్టిస్తా" అన్నాను.

ఆమె నవ్వలేదు. "వాన యాడుందన్నా మీ ఊర్లో?" అంది.

"వానతో పని లేదు. నాకు ఎనిమిది దినాలు ఇయ్యి."

ఆ ధైర్యం ఊరికే రాలేదు. కుందుర్పి దిక్కున ఒక పల్లె నుంచి ఒక రైతు ప్రతి ఏడూ నా దగ్గరికి వచ్చేవాడు, బోరు పైపులు మోసుకుని. వేరే ఊళ్ళలో పదేళ్ళుండే పైపు ఆయన బోరులో ఏడాదికే జల్లెడ అయ్యేది. అంత ఉప్పు ఆ నీళ్ళలో. ఆ పైపులను అతకలేక నేను ఆ బోరును తిట్టని తిట్టు లేదు. ఇప్పుడు అదే బోరు కోసం మోటారు సైకిలు మీద పొద్దున్నే బయలుదేరాను.

రైతు చేను గట్టు మీద ఉన్నాడు. నాలుగు డ్రమ్ముల నీళ్ళు కావాలన్నాను.

"ఏమప్పా, ఎగతాళా?" అన్నాడు. "ఆ నీళ్ళు గొర్రెలు కూడా ముట్టవు. శెనిగ చేనుకు పెడితే చేను మాడిపాయె. ఆ నీళ్ళ పేరు చెప్పి మా ఊరికి పిల్లనిచ్చేవాళ్ళు కూడా లేరు. నీకెందుకు?"

జరిగిందంతా చెప్పాను. ఆయనకు సగమే అర్థమైంది. తుప్పు పట్టించడానికి నీళ్ళు కావాలన్న ఒక్క ముక్క మాత్రం బాగా అర్థమైంది. "ఆ పనికైతే మా నీళ్ళను మించినవి లేవులే" అన్నాడు, కొంచెం గర్వంగానే. మధ్యాహ్నానికల్లా ట్రాలీలో డ్రమ్ములు పెట్టుకుని తానే షెడ్డుకు తెచ్చాడు.

ముందు నేను పూసిన రంగునే నేను ఊడదీయాలి. గ్యాసు మంటతో కాల్చి, గీకి, థిన్నరుతో తుడిచాం. చేతి జిడ్డు ఉన్నచోట తుప్పు పట్టదు కాబట్టి చాకలి సోడాతో కడిగాం. తర్వాత శెనిగ చేలకు మందు కొట్టే పంపును వీపుకు తగిలించుకుని, ఆ ఉప్పునీళ్ళు పలకల మీద కొట్టడం మొదలుపెట్టాను. కొట్టిన ఐదు నిమిషాలకే మా ఊరి ఎండ తాగేసేది. మళ్ళీ కొట్టేవాణ్ణి, మళ్ళీ ఆరేది. తడవడం, ఆరడం, తడవడం, ఆరడం. రోజుకు ఇరవై ముప్పై సార్లు. సముద్రం ఒడ్డున వాన కురిస్తే ఆరడానికి రోజులు పడుతుంది, మా దగ్గర ఆ బాధ లేదు. తాగేనీళ్ళ కోసం ఊళ్ళో ఆడవాళ్ళు కుళాయిల దగ్గర కొట్లాడుతున్న రోజుల్లో నేను తుప్పుకు నీళ్ళు పోస్తున్నాను. నా పనివాళ్ళిద్దరూ మొదటి రోజంతా నా ముఖం చూడటానికి కూడా సిగ్గుపడ్డారు.

మొదటి రోజు పసుపు పచ్చని మరకలు వచ్చాయి. రెండో రోజు ఆమె వచ్చి స్టూలు వేసుకుని కూర్చుంది. మూడో రోజు లేచి, "ఆ పంపు ఇటీ అన్నా" అని నా వీపు మీది నుంచి తీసుకుని తాను తగిలించుకుంది. ఎక్కడ ఎక్కువ కొట్టాలో, ఎక్కడ వదిలేయాలో ఆమెకు తెలిసినట్టు నాకు తెలియదు. ఆ మాట ఒప్పుకోవడానికి నాకు మూడు రోజులు పట్టింది, అంత త్వరగా ఇంకెవరి విషయంలోనూ ఒప్పుకోలేదు. ఆ తర్వాత ఆమె కొట్టేది, నేను డ్రమ్ము నుంచి పంపు నింపేవాణ్ణి. రైతు రోజు మార్చి రోజు వచ్చి, ఏ పైపూ లేకుండానే, పలకల చుట్టూ తిరిగి చూసి పోయేవాడు.

ఎనిమిదో రోజు సాయంత్రం పంపు దించి పక్కన పెట్టింది. పలకల రంగు చింతగింజ రంగు కాదు. వాన పడ్డాక దున్నిన మా ఎర్ర నేల రంగు. ఉప్పునీళ్ళు జారిన చోటల్లా నిలువునా చారలు. ఆమె చుట్టూ మూడుసార్లు తిరిగింది.

"ఇది నా రంగు కాదన్నా" అంది.

"అయితే పెట్టవా అమ్మా?"

"పెడతా. ముప్పై ఏండ్లు సముద్రం ఒడ్డున కూర్చున్నా ఇది నాకు వచ్చేది కాదు."

అంత సంతోషం నాకు మొదటి ట్రాలీ అమ్మినప్పుడు కూడా కలగలేదు. పైకి మాత్రం "నేను ముందే చెప్పినా కదమ్మా" అన్నాను.

ప్రారంభం పొద్దున్నే పెట్టుకున్నారు, ఎండకు భయపడి. మ్యూజియం ఆవరణలో, ముక్కులు విరిగిన విగ్రహాల మధ్య, ఆ ఏడు ఉక్కు శిల్పాలు నిలబడి ఉంటే ఊరు ఊరంతా వచ్చింది. కాలేజీ విద్యార్థులు, బ్యాంకు ఉద్యోగులు, కూరగాయలు అమ్మేవాళ్ళు, అందరూ. ఒకరు మిల్లు గొట్టం అన్నారు, ఒకరు బోల్తాపడిన లారీ అన్నారు. ఒకాయన ఒక శిల్పం నీడలో హాయిగా కూర్చుని బీడీ ముట్టించాడు. రైతు ఉతికిన పంచె కట్టుకుని వచ్చి నా పక్కన నిలబడ్డాడు.

మద్రాసు డైరెక్టరు మా పలకల ముందు చాలాసేపు నిలబడ్డాడు. తర్వాత ఇంగ్లీషులో ఉపన్యాసం మొదలుపెట్టాడు. ఆఫీసరు ఒక్కో మాటా తెలుగులో చెబుతున్నాడు. ఈ రంగును సముద్రం ఇచ్చిందట. మూడు వానాకాలాల ఓపిక ఇందులో ఉందట. కోస్తా గాలిలోని తడి ఈ ఉక్కులో కనిపిస్తోందట. ఆయన తప్పేమీ లేదు. ఆమె చాలా రోజుల ముందు రాసి పంపిన కాగితంలో అదే ఉంది. ఆమె తల వంచుకుని నిలబడింది. ఒక్కసారి నా వైపు చూసి మళ్ళీ వంచుకుంది. నిజం చెబితే నా పేరు పోతుంది, అందుకని ఆమె చెప్పడం లేదు. అది నాకు స్పష్టంగా తెలుసు.

రైతు నా భుజం తట్టాడు. "సముద్రం అంటాండాడేమప్పా ఆయప్ప? అవి మన నీళ్ళు కాదా?"

"మన నీళ్ళే."

"మరి?"

ఆ ఒక్క మాటకు నా ఒళ్ళు మండింది. కోస్తా గాలట, కోస్తా తడట! గొర్రెలు ముట్టని నీళ్ళు మొదటిసారి ఒక పనికొస్తే, ఆ పేరు కూడా సముద్రానికేనా? షెడ్డు ఏమవుతుందో, గడప ఎవరు తొక్కుతారో, ఆ క్షణాన ఏదీ గుర్తు రాలేదు.

"సముద్రం కాదు సార్!" అని అరిచాను. అందరూ తిరిగి చూశారు. "సముద్రం పట్టించిన తుప్పును నేనే గీకి పారేసినా. ఈ చేతులతోనే. తెలియక చేసినా, తప్పు చేసినా. ఇప్పుడు ఆ పలకల మీద ఉండేది ఈయప్ప బోరు నీళ్ళు. ఎనిమిది దినాల్లో వచ్చిన రంగు అది. మా నీళ్ళు, మా ఎండ. ఆయమ్మనే అడగండి."

ఆఫీసరు తెలుగులోకి చెప్పాల్సినవాడు కాస్తా ఇంగ్లీషులోకి చెప్పలేక కుర్చీలో కూలబడ్డాడు. వెనకనుంచి ఎవరో, "అన్నా, మా ట్రాలీకి కూడా తుప్పు పట్టియ్యవా?" అని కేక వేశారు. జనం గొల్లుమన్నారు. ఆ మాట తర్వాత రెండు మూడేళ్ళు నన్ను వదల్లేదు. పనేమీ తగ్గలేదు. చెడగొట్టింది నలుగురిలో చెప్పుకున్నవాడు, చెడగొట్టకుండా కూడా చేస్తాడని నమ్మారో ఏమో మరి.

ఆమె డైరెక్టరుతో ఇంగ్లీషులో రెండు నిమిషాలు మాట్లాడింది. ఆయన వంగి ఒక చారను వేలితో తాకి, ఆ వేలిని చాలాసేపు చూసుకున్నాడు. ఆ శిల్పాన్ని ఆయన మద్రాసుకు తీసుకెళ్ళాడు, అది నెల తర్వాతి మాట. అప్పుడు మాత్రం ఆమె ఆఫీసరు జేబులోని పెన్ను తీసుకుని, పలకల ముందు గుచ్చిన అట్టముక్క దగ్గరికి పోయి మోకాళ్ళ మీద కూర్చుంది. శిల్పం దేనితో తయారైందో, సముద్రం పేరుతో సహా, అచ్చయిన వరుసను కొట్టేసింది. దాని కింద తెలుగులో ఏదో రాసి, లేచి, రైతును చెయ్యి పట్టుకుని అక్కడికి తీసుకువచ్చింది.

ఆయనకు చదువు రాదు. నన్ను పిలిచాడు. నేను వంగి చూశాను. ఉక్కు అని రాసి ఉంది. దాని పక్కన ఆయన పల్లె పేరు, ఆ తర్వాత బోరు నీళ్ళు అని ఉంది. ఆ పల్లెకు బస్సు లేదు. అందుకని ఏ బోర్డు మీదా ఆ పేరు రాసినవాళ్ళు లేరు.

"ఏం రాసిందప్పా?"

చదివి వినిపించాను.

ఆయన పైగుడ్డతో ముఖం తుడుచుకున్నాడు. జనం అప్పటికే తక్కిన శిల్పాల వైపు పోతున్నారు.

"ఇంకోసారి చదువు" అన్నాడు.